సంతకానికి ముందు: సోనియా షా ఆరోగ్య పుస్తకాలు, మన గూడేలు

ఆరోగ్యం, వైద్యం గురించి ఇంగ్లీషులో అందరికీ అర్థమయ్యేలా రాసే పాత్రికేయులు చాలామందే ఉన్నారు. వాళ్లలో సోనియా షాను ఎంచుకోవడానికి మాకు ఒక కారణం ఉంది. ఆమె రోగం గురించి రాసేటప్పుడు క్రిమి దగ్గరే ఆగిపోరు. ఆ క్రిమి ఎవరి ఒంట్లోకి ముందు చేరింది, దాని మందును ఎవరి మీద పరీక్షించారు, ఆ మందు చివరికి ఎవరి చేతికి అందింది అని అడుగుతారు. మన్యంలో పుట్టి, మన్యంలోనే పాఠాలు చెప్పుకుంటున్న మాకు ఈ ప్రశ్నలు కొత్తవి కావు. వాటిని పుస్తకంలో అచ్చయి చూడడమే కొత్త.

సోనియా షా తల్లిదండ్రులు భారతదేశం నుంచి అమెరికా వెళ్లినవాళ్లు. ఆమె అక్కడే పుట్టి పెరిగి పాత్రికేయురాలు అయ్యారు. ఆరోగ్యం మీద రాసిన వాటిలో ముఖ్యమైనవి మూడు. మందుల పరీక్షల గురించి 2006లో వచ్చిన ‘ది బాడీ హంటర్స్’, మలేరియా గురించి 2010లో వచ్చిన ‘ది ఫీవర్’, అంటురోగాల గురించి 2016లో వచ్చిన ‘పాండమిక్’. మేం కొద్దిమంది ఉపాధ్యాయులం కలిసి, నిఘంటువు పక్కన పెట్టుకుని వీటిని చదువుకున్నాం. చదివినప్పుడు మాకు తోచినది ఇది: ఈ పుస్తకాలు మనకు ప్రశ్నించడం నేర్పుతాయి. ప్రశ్న వేయాల్సిన మనిషి ఎక్కడ నిలబడి ఉన్నాడో మాత్రం పూర్తిగా చూపించవు. ఆ మనిషి చాలాసార్లు మన బడిలోనే ఉంటాడు. ఈ వ్యాసం దాని గురించే.

జ్వరం ఎవరిది?

ముందు ‘ది ఫీవర్’ చూద్దాం. మలేరియా మనిషి చరిత్రను ఎలా తిప్పిందో చెప్పే పుస్తకం ఇది. పరాన్నజీవి దోమ కడుపులో ఏం చేస్తుంది, మన కాలేయంలో ఎలా దాక్కుంటుంది, ఎర్ర రక్తకణాన్ని ఎలా పగలగొడుతుంది అన్నది చక్కగా, తేలికగా చెబుతారు. పదో తరగతి పిల్లలకు జీవశాస్త్రం చెప్పే ఉపాధ్యాయులు ఈ భాగాలు చదివితే పాఠం మారిపోతుంది.

చరిత్ర చెప్పే తీరు ఇంకా బాగుంటుంది. 1698లో స్కాట్లండ్ వాళ్లు ఓడలెక్కి, ఇప్పటి పనామాలో డేరియన్ అనే చోట వలస రాజ్యం కట్టబోయారు. జ్వరాలు వాళ్లను పడగొట్టాయి. దాదాపు రెండు వేల మంది పోయారు. దేశం సొమ్ము అందులో మునిగింది. కొద్ది ఏళ్లకే, 1707లో, స్కాట్లండ్ ఇంగ్లండ్‌తో కలిసిపోయింది. ఒక దోమ కాటు వెనక ఒక దేశం స్వాతంత్ర్యం పోవడం ఉందన్నమాట.

ఈ కథ చదువుతుంటే మన చరిత్ర గుర్తుకు రాకుండా ఉండదు. గోదావరి మన్యంలోకి 1879లో రంప పితూరీని అణచడానికి దిగిన దొరల పటాలాలను కూడా జ్వరమే వేధించింది. ‘మన్యం జ్వరం’ అన్న పేరే బయటివాళ్లు పెట్టింది. ఏజెన్సీకి బదిలీ అంటే ఉద్యోగులు భయపడ్డారు, వ్యాపారి కూడా చాలాకాలం సంత వరకే వచ్చి వెనక్కి పోయాడు. ఆ జ్వరం మన పిల్లల్ని చంపింది, అదే జ్వరం మన నేలకు కొంతకాలం కంచెలా కూడా నిలబడింది. ఈ రెండూ ఒకేసారి నిజం.

‘ది ఫీవర్’ చదివేవాళ్లు దాని పక్కనే నేపాల్ తరాయి ప్రాంతంలోని థారూ ఆదివాసుల కథ కూడా పెట్టుకుని చదవాలని మేం కోరుతున్నాం. థారూలు తరతరాలుగా మలేరియా అడవిలో బతికారు. వాళ్ల రక్తానికి కొంత తట్టుకునే శక్తి వచ్చింది. కొండల వాళ్లు, మైదానాల వాళ్లు అక్కడికి రావడానికి జంకేవాళ్లు. 1950ల తర్వాత డీడీటీ చల్లి మలేరియాను తగ్గించారు. థారూ పిల్లలకు అది మేలే. కానీ జ్వర భయం పోగానే బయటివాళ్లు వరదలా వచ్చి భూములు ఆక్రమించారు. భూమి కాగితాలు లేని థారూలు తమ నేల మీదే కౌలుదార్లు, వెట్టి కూలీలు అయ్యారు. రోగం పోవాలి, అందులో రెండో మాట లేదు. కానీ రోగాన్ని తీసేసే రోజున భూమి హక్కు కాగితం చేతిలో లేకపోతే ఏం జరుగుతుందో థారూల బతుకు చెబుతుంది. ఆరోగ్య చరిత్రను భూమి చరిత్ర నుంచి విడదీసి చదవకూడదని మేం అనేది ఇందుకే.

ఇక దోమతెరల సంగతి. ఆఫ్రికాలో, ముఖ్యంగా మలావీ లాంటి చోట్ల తిరిగినప్పుడు షా ఒక విషయం గమనించారు. బయటి నిపుణులకు మలేరియా భూతంలా కనిపిస్తుంది. దాంతోనే బతికే జనానికి అది అమెరికా వాళ్లకు జలుబు, ఫ్లూ లాంటిది. అందుకని ఊరికే పంచిన తెరలు కొన్ని ఇళ్లల్లో కట్టకుండా ఉండిపోతాయి, కొన్ని చేపల వలలవుతాయి. దీన్ని ఆమె జనం అజ్ఞానంగా చూపించరు. నిపుణుడి అంచనాకీ జనం లెక్కకీ మధ్య ఉన్న దూరంగా చూపిస్తారు. ఈ గౌరవం మాకు నచ్చింది. మన దగ్గర వైద్య శిబిరాల్లో ‘వీళ్లకు ఎన్నిసార్లు చెప్పినా అంతే’ అనే మాట ఎన్నోసార్లు విన్నవాళ్లం మనం.

అయితే ఆ లెక్క ఏమిటో ఇంకొంచెం లోపలికి వెళ్లి చూడాలి. మన గూడెంలో తెర ఎందుకు కట్టరు? వానలు తగ్గే వేళ, జ్వరాలు ఎక్కువగా ఉన్న నెలల్లోనే, పోడులో పంట కంకి మీద ఉంటుంది. పందుల నుంచి కాపాడడానికి మగవాళ్లు రాత్రంతా మంచె మీద ఉంటారు. మంచెకు తెర కట్టే వీలు లేదు. ఇంట్లో ఉన్నవాళ్లకు ఒకటే గది, ఒకటే పొయ్యి, ఏడుగురు మనుషులు, రెండు తెరలు. గోడలకు పిచికారీ చేసిన నెలకే పండగ వస్తే గోడ అలుకుతారు, మందు మట్టి కింద పడిపోతుంది. ఇవేవీ మొండితనం కావు. బతుకు పద్ధతికీ కార్యక్రమం పద్ధతికీ కుదరకపోవడం. షా పుస్తకం ఈ తలుపు దాకా తీసుకొస్తుంది. తలుపు లోపల ఉన్నది రాయాల్సినవాళ్లం మనం.

డీడీటీ కథలో ఆమె చెప్పే గుణపాఠం మన దేశానికీ సరిగ్గా వర్తిస్తుంది. ప్రపంచ ఆరోగ్య సంస్థ 1955లో మలేరియా నిర్మూలన మొదలుపెట్టి 1969లో చేతులెత్తేసింది. మన దేశంలో 1965 నాటికి కేసులు లక్షకు దిగాయి. నిఘా సడలింది, దోమ డీడీటీకి అలవాటు పడింది. 1976లో కేసులు 64 లక్షలు దాటాయి. రోగం తగ్గింది కదా అని ఊళ్లోకి మనిషి రావడం మానేస్తే ఏమవుతుందో చెప్పడానికి ఇంతకంటే లెక్క అక్కర్లేదు.

రక్తంలో రాసి ఉన్న చరిత్ర

మలేరియా ఉన్న నేలల్లో తరతరాలుగా బతికిన జనాల రక్తం మారింది. సికిల్ సెల్ జన్యువు తల్లి నుంచో తండ్రి నుంచో ఒక్కరి నుంచే వస్తే, ఆ బిడ్డకు ప్రమాదకరమైన ఫాల్సిపారం మలేరియా నుంచి చాలావరకు రక్షణ ఉంటుంది. ఇద్దరి నుంచీ వస్తే ఆ బిడ్డకు సికిల్ సెల్ జబ్బు వస్తుంది. ఎముకల నొప్పి, రక్తహీనత, పదేపదే ఆసుపత్రి. ఈ జన్యువు భారతదేశంలో ఉన్నట్టు 1952లో నీలగిరి ఆదివాసుల్లో మొదట గుర్తించారు. మన కొండల్లోనూ ఉంది.

ఈ విషయం మన పిల్లలకు చెప్పే తీరు ముఖ్యం. ‘మీ రక్తంలో లోపం ఉంది’ అని చెబితే పిల్ల తలదించుకుంటుంది. ‘మీ పూర్వీకులు జ్వరంతో పోరాడి బతికారు, ఆ పోరాటం గుర్తు మీ రక్తంలో మిగిలింది, ఆ గుర్తుకు ఒక ఖరీదు కూడా ఉంది’ అని చెబితే అదే పిల్ల కళ్లెత్తి వింటుంది. రెండోది ఓదార్పు కోసం చెప్పే మాట కాదు, శాస్త్రం చెప్పే మాటే. రోగాన్ని చరిత్రతో కలిపి చెప్పే షా పద్ధతి తరగతి గదిలో మనకు ఎక్కువగా పనికొచ్చేది ఇక్కడే.

అలాంటిదే ఇంకో సంగతి. జీ6పీడీ అనే ఎంజైము తక్కువగా ఉండడం కూడా మలేరియా నేలల్లో ఎక్కువ. అలాంటివాళ్లు వైవాక్స్ మలేరియాకు ఇచ్చే ప్రైమాక్విన్ మాత్రలు వేసుకుంటే రక్తకణాలు పగిలే ప్రమాదం ఉంది. హాస్టల్లో పిల్లకు ఆ మాత్రలు మొదలుపెట్టాక మూత్రం నల్లగా వచ్చినా, కళ్లు పచ్చబడినా మాత్ర ఆపి వెంటనే పీహెచ్‌సీకి తీసుకెళ్లాలి. వార్డెన్‌కూ తెలియాల్సిన సంగతి ఇది.

హుస్సేన్ ఖాన్ తీసుకున్న అణాలు

మలేరియా దోమ వల్ల వస్తుందన్న రహస్యం తేలింది మన సికింద్రాబాద్‌లోనే. 1897 ఆగస్టు 20న రోనాల్డ్ రాస్ ఒక దోమ కడుపు గోడలో మలేరియా పరాన్నజీవిని చూశాడు. 1902లో నోబెల్ బహుమతి వచ్చింది. మన పాఠ్యపుస్తకాల్లో కథ ఇక్కడితో అయిపోతుంది.

ఆ దోమ తాగిన రక్తం ఎవరిది? హుస్సేన్ ఖాన్ అనే మలేరియా రోగిది. తనను కుట్టిన ఒక్కో దోమకు ఒక అణా చొప్పున రాస్ అతనికి ఇచ్చాడు. అతను ఒప్పుకునే ఆ డబ్బు తీసుకుని ఉండవచ్చు. అణా అవసరం ఉన్నవాడి ఒప్పుకోలుకు, అవసరం లేనివాడి ఒప్పుకోలుకు తేడా ఉందా? ‘ది బాడీ హంటర్స్’ మొత్తం ఈ ప్రశ్న మీదే నిలబడి ఉంటుంది.

ఈ పుస్తకంలో షా వాదన సూటిగా ఉంటుంది. కొత్త మందు అమ్మాలంటే ముందు మనుషుల మీద పరీక్షించాలి. ధనిక దేశాల్లో పరీక్షకు ఒప్పుకునేవాళ్లు తక్కువ, ఉన్నా అప్పటికే పది రకాల మందులు వాడుతుంటారు. పేద దేశాల్లో రోగులు ఎక్కువ, వైద్యం అందనివాళ్లు ఎక్కువ, ఖర్చు తక్కువ. కాబట్టి పరీక్షలు ఇటు కదిలాయి. తీరా మందు వచ్చాక దాన్ని కొనగలిగేది మళ్లీ ధనిక దేశాలే. ఒళ్లు ఒకరిది, మందు ఇంకొకరిది.

ఆమె చర్చించే ఉదాహరణలు గట్టివి. అమెరికాలోని టస్కిగీలో 1932 నుంచి 1972 దాకా నల్లజాతి పేద మగవాళ్లకు సిఫిలిస్ ఎలా ముదురుతుందో ‘గమనిస్తూ’ కూర్చున్నారు. పెన్సిలిన్ వచ్చాక కూడా ఇవ్వలేదు. 1990లలో గర్భిణుల నుంచి బిడ్డలకు హెచ్‌ఐవీ సోకకుండా ఏజెడ్‌టీ మందు బాగా పనిచేస్తుందని 1994లోనే తేలింది. అయినా పేద దేశాల్లో జరిగిన పరీక్షల్లో కొందరు గర్భిణులకు మందు లేని ఉత్తుత్తి మాత్రలు ఇచ్చారు. ‘వాళ్లకు ఎలాగూ మందు దొరకదు కదా’ అన్నది పరిశోధకుల సమాధానం. 1996లో నైజీరియాలోని కానోలో మెదడు పొరల వాపు జ్వరం చెలరేగినప్పుడు ఫైజర్ కంపెనీ 200 మంది పిల్లలతో తన కొత్త మందు ట్రోవన్‌ను పరీక్షించింది. సగం మందికి ఆ మందు, సగం మందికి పాత మందు. 11 మంది పిల్లలు చనిపోయారు. తమకు ఏమీ చెప్పలేదని తల్లిదండ్రులు, నోటిమాటగా చెప్పామని కంపెనీ. 2009లో కంపెనీ, కానో రాష్ట్ర ప్రభుత్వంతో 7.5 కోట్ల డాలర్లకు రాజీ కుదుర్చుకుంది.

‘వాళ్లకు ఎలాగూ దొరకదు కదా’ అన్న మాట దగ్గర మేం చాలాసేపు ఆగాం. ముందు మందు అందకుండా చేసే లోకం ఒకటి, తర్వాత ఆ అందకపోవడాన్నే పరీక్షకు అనుమతిగా వాడుకునే శాస్త్రం ఒకటి. ఈ ముడిని షా విప్పి చూపించిన తీరే ఈ పుస్తకానికి బలం.

భద్రాచలంలో జరిగింది

ఈ పుస్తకం వచ్చిన మూడేళ్లకు, 2009 జూలైలో, అప్పటి ఖమ్మం జిల్లాలో భద్రాచలం, కొత్తగూడెం, తిరుమలాయపాలెం మండలాల్లో 10 నుంచి 14 ఏళ్ల బాలికలకు హెచ్‌పీవీ టీకా వేయడం మొదలైంది. గర్భాశయ ముఖద్వార క్యాన్సర్ రాకుండా కాపాడే టీకా అది. పాత్ అనే అమెరికన్ సంస్థ, భారత వైద్య పరిశోధన మండలి, రాష్ట్ర ప్రభుత్వం కలిసి నడిపిన ప్రాజెక్టు. గుజరాత్‌లోని వడోదరలోనూ ఇలాగే జరిగింది. మన వైపు టీకా పడినవాళ్లు దాదాపు 14 వేల మంది. అందులో చాలామంది ఆశ్రమ పాఠశాలల్లో, హాస్టళ్లలో ఉండి చదువుకునే ఆదివాసీ పిల్లలు. ఏడుగురు బాలికలు చనిపోయారన్న వార్తలు, మహిళా సంఘాల ప్రశ్నలు వచ్చాక 2010 ఏప్రిల్‌లో కేంద్రం ప్రాజెక్టును ఆపేసింది. 2013 ఆగస్టులో పార్లమెంటు స్థాయీ సంఘం తన 72వ నివేదికలో దీన్ని తీవ్రంగా తప్పుపట్టింది.

ఆ నివేదికలోని ఒక లెక్కను ప్రతి ఆశ్రమ పాఠశాల గోడ మీద రాసుకోవాలి. ఆంధ్రప్రదేశ్‌లో చూసిన 9,543 అనుమతి పత్రాల్లో 1,948 మీద వేలిముద్రలు ఉన్నాయి. 2,763 మీద హాస్టల్ వార్డెన్ల సంతకాలు ఉన్నాయి.

ఇక్కడ రెండు మాటలు జాగ్రత్తగా, విడివిడిగా చెప్పుకోవాలి. మొదటిది, ఆ ఏడుగురి మరణాలకు టీకా కారణమని తేలలేదు. ప్రభుత్వ విచారణ సంఘం మునిగిపోవడం, పాముకాటు, పురుగుమందు, జ్వరాలు లాంటి కారణాలు చెప్పింది. హెచ్‌పీవీ టీకాను ప్రపంచ ఆరోగ్య సంస్థ సిఫారసు చేస్తోంది, ఎన్నో దేశాల్లో ఆడపిల్లలకు వేస్తున్నారు, అది ఆ క్యాన్సర్‌ను తగ్గిస్తోంది. రెండోది, టీకా మంచిదైనంత మాత్రాన అనుమతి తీసుకున్న పద్ధతి మంచిదైపోదు. తల్లికి చెప్పకుండా పిల్లకు మంచి చేసినా, తల్లిని మనిషిగా లెక్కపెట్టనట్టే. ఈ రెండు మాటల్లో ఒకటి వదిలేసినా మనం తప్పుదారి పడతాం. మొదటిది వదిలేస్తే టీకాలంటే భయపడే గూడేలు మిగులుతాయి. రెండోది వదిలేస్తే ఎవరొచ్చినా చెయ్యి చాచే గూడేలు మిగులుతాయి.

ఇంకో మాట కూడా ఉంది. పది, పన్నెండేళ్ల ఆడపిల్లలు జ్వరంతో, పాముకాటుతో, పురుగుమందుతో పోవడం మామూలు సంగతిలా ఫైలులో ఒక వరుసగా మిగిలిపోతుంది. ఆ ఏడుగురి చావు గురించి ఢిల్లీ దాకా ఆరా తీసింది వాళ్ల పేర్ల పక్కన టీకా ఉండబట్టే. టీకా వల్ల కాదని తేలగానే ఆ ప్రశ్న మూసుకుపోయింది. మరి పురుగుమందు ఎందుకు తాగింది? జ్వరానికి సకాలంలో మందు ఎందుకు పడలేదు? దానికి ఏ సంఘమూ వేయలేదు.

పుస్తకంలో లేని మనిషి

భద్రాచలం అనుభవం చేతిలో పెట్టుకుని ‘ది బాడీ హంటర్స్’ మళ్లీ చదివితే దాని కొరత కనిపిస్తుంది. ఆ పుస్తకంలో కంపెనీలు ఉన్నాయి, పరిశోధకులు ఉన్నారు, నియంత్రించాల్సిన అధికారులు ఉన్నారు. రోగులు ఎక్కువగా కష్టం పడేవాళ్లుగానే కనిపిస్తారు. వాళ్లు ఆలోచించి, తమలో తాము చర్చించుకుని, అవునో కాదో అన్న సందర్భాలు తక్కువ. అంతకంటే ముఖ్యంగా, కంపెనీకీ పిల్లకూ మధ్య నిలబడే చిన్న మనిషి పెద్దగా కనిపించడు. అతను ఏఎన్‌ఎం కావచ్చు, ఆశా కార్యకర్త కావచ్చు, వార్డెన్ కావచ్చు, హెచ్‌ఎం కావచ్చు. చాలాసార్లు అతనూ మనవాడే, మన భాష మాట్లాడేవాడే. పైనుంచి ఫోను వస్తుంది, సాయంత్రానికి కాగితాలు నింపి పంపాలంటారు. అతనికి చెడ్డ ఉద్దేశం ఏమీ ఉండదు. అయినా తల్లి చేయాల్సిన సంతకం అతని చేతి మీదుగా జరిగిపోతుంది.

ఆ చేతి గురించి షా రాయలేదని నిందించడం మా ఉద్దేశం కాదు. దూరం నుంచి వచ్చే పాత్రికేయురాలికి పెద్ద అధికారం త్వరగా కనిపిస్తుంది. చిన్న అధికారం లోపల ఉన్నవాళ్లకే కనిపిస్తుంది. టీచర్ ట్రైనింగ్‌లో మాకు పిల్లల మనస్తత్వం చెప్పారు, బోధనోపకరణాలు చెప్పారు, పాఠ్యపథకం రాయడం చెప్పారు. పిల్ల ఒంటి మీద ఎవరి మాట చెల్లాలో ఒక్క పీరియడ్ కూడా చెప్పలేదు.

భాష సంగతి కూడా ఉంది. అనుమతి పత్రాల్లో ‘సమాచారయుత సమ్మతి’ అని రాస్తారు. ఈ మాట మైదానంలో తెలుగు చదివినవాళ్లకే నోరు తిరగదు. ‘అంతా తెలిశాక ఒప్పుకోవడం’ అంటే సరిపోతుంది. దాన్ని కోయలో, గోండిలో, కువిలో, సవరలో చెప్పగలిగేది ఆ భాష ఇంట్లో మాట్లాడే ఉపాధ్యాయుడే. పత్రం మీద సంతకం చేయడం కంటే ఈ పని పెద్దది.

‘మనుషులు’ అంటే ఎవరు?

‘పాండమిక్’ గురించి క్లుప్తంగా చెబుతాం. కలరాను ఆధారం చేసుకుని అంటురోగాలు ఎలా పుడతాయి, ఎలా ప్రయాణిస్తాయి అన్నది చెప్పే పుస్తకం. అవినీతి గురించిన భాగం మాకు బాగా నచ్చింది. న్యూయార్క్ నగరానికి మంచినీళ్లు ఇస్తామని 1799లో మాన్‌హట్టన్ కంపెనీ అనుమతి తెచ్చుకుంది. తెచ్చుకున్న పెట్టుబడిలో ఎక్కువ భాగంతో బ్యాంకు పెట్టింది. నగరం మురికి నీళ్లే తాగింది. 1832లో కలరా వచ్చి మూడు వేల మందికి పైగా పోయారు. నింద మాత్రం ఐరిష్ వలస కూలీల మీద పడింది. ఆ బ్యాంకు వారసత్వం ఈనాటి జేపీ మోర్గాన్ చేజ్ దాకా వచ్చింది. వాగు పక్కన చెలమ తవ్వి నీళ్లు తోడుకునే గూడెంలో వాంతులు, విరేచనాలు వస్తే ‘శుభ్రత తెలియదు’ అనే అధికారికి ఈ భాగం చదివి వినిపించాలి. నీళ్ల పథకం డబ్బు ఎటు పోయిందన్నది మొదటి ప్రశ్న. చేతులు కడుక్కున్నారా అన్నది రెండో ప్రశ్న.

మాకు పేచీ ఉన్నది ఇంకో చోట. అడవుల్లోకి మనుషులు చొరబడడం వల్ల జంతువుల క్రిములు మనుషులకు చేరుతున్నాయన్నది ఈ పుస్తకంలోనూ, ఈ తరహా పుస్తకాలన్నిటిలోనూ ఉండే వాదన. శాస్త్రపరంగా అందులో నిజం ఉంది. కానీ ‘మనుషులు’ అనే మాట గని తవ్వే కంపెనీని, టేకు తోట వేసే శాఖను, అడవిలోనే పుట్టి చచ్చే మనల్ని ఒకే గంపలో వేస్తుంది. బెంగాల్‌లో కంపెనీ పాలనలో సుందర్బన్స్ అడవులు నరికి వరిపొలాలు చేసిన చరిత్రను షా స్వయంగా చెబుతారు. అంటే ఎవరు నరికించారో ఆమెకు తెలుసు. ఆ స్పష్టత నేటి అడవుల గురించి మాట్లాడేటప్పుడు కూడా వాక్యం వాక్యంలో ఉండాలి. లేకపోతే రేపు కొత్త రోగం వచ్చినప్పుడు, ఉడుము తిన్నవాడి మీద కేసు, కొండ తవ్వినవాడికి లీజు అవుతుంది.

మన చేతిలో ఉన్న పని

ఇదంతా ఇప్పుడెందుకు? 2023 జూలై 1న సికిల్ సెల్ నిర్మూలన మిషన్ మొదలైంది. ఆదివాసీ ప్రాంతాల్లో 40 ఏళ్ల లోపు ఏడు కోట్ల మందికి రక్త పరీక్షలు చేయాలన్నది లక్ష్యం. 2047 నాటికి జబ్బు లేకుండా చేయాలంటున్నారు. మన బడులకు బృందాలు వస్తున్నాయి, వస్తాయి. ఇది మనకు కావలసిన పనే. సకాలంలో తెలిస్తే పిల్ల బతుకు మారుతుంది. పెళ్లికి ముందు ఇద్దరూ తెలుసుకుంటే, ఇద్దరిలోనూ ఆ జన్యువు ఉన్నప్పుడు ప్రతి కాన్పులోనూ నాలుగింట ఒక వంతు ప్రమాదం ఉంటుందని తెలిసి నిర్ణయం తీసుకుంటారు. అదే కార్డు బయటపడితే ఆడపిల్లకు సంబంధం తప్పిపోవచ్చు, తరగతిలో ‘జబ్బు పిల్ల’ అని పేరు పడవచ్చు. కాబట్టి పరీక్షను అడ్డుకోవద్దు, అడగాల్సినవి అడుగుదాం.

బృందం బడికి వచ్చినప్పుడు ఉపాధ్యాయుడు అడగాల్సినవి ఇవి అని మేం అనుకుంటున్నాం. ఇది అందరికీ చేసే మామూలు వైద్యమా, పరిశోధన కూడా ఉందా? రక్తం ఎంత తీస్తారు, మిగిలిన రక్తాన్ని ఏం చేస్తారు? ఫలితం ఎవరికి చెబుతారు, కాగితం ఎవరి దగ్గర ఉంటుంది? పిల్లకు తేడా చేస్తే రాత్రి పూట ఎవరికి ఫోను చేయాలి, బండి ఎవరు పంపుతారు? వద్దంటే ఆ పిల్లకు హాస్టల్లో గాని, పథకాల్లో గాని ఏమైనా ఆగుతుందా? జవాబులు తల్లిదండ్రులకు వాళ్ల భాషలో ఎవరు, ఎప్పుడు చెబుతారు?

చివరి ప్రశ్నకు సంత రోజు మంచి రోజు. ఆ రోజు తల్లిదండ్రులు ఎలాగూ హాస్టల్‌కు వచ్చి పిల్లల్ని చూసి పోతారు. గ్రామసభలో వివరంగా చెప్పవచ్చు, పెద్దలు ప్రశ్నలు వేయవచ్చు. కానీ ఒక పిల్ల విషయంలో ఒప్పుకోవాల్సింది ఆ పిల్ల తల్లో తండ్రో. గ్రామసభ తీర్మానం గాని, మన సంతకం గాని దానికి బదులు కాదు. పన్నెండేళ్ల పిల్లను కూడా అడగాలి, ఆ ఒళ్లు ఆమెది.

యువతకు ఒక విన్నపం. ఇంగ్లీషు వచ్చినవాళ్లు ఈ మూడు పుస్తకాల్లో ‘ది బాడీ హంటర్స్’తో మొదలుపెట్టండి. ఒక్కో అధ్యాయం చదివి, దాని సారాన్ని మీ మాటల్లో, మీ భాషలో పది నిమిషాలు గూడెంలో చెప్పండి. దాని పక్కన మన కథ కూడా చెప్పండి. భద్రాచలంలో టీకా వేయించుకున్న ఆ పిల్లలు ఇప్పుడు పెద్దవాళ్లయ్యారు, కొందరికి పిల్లలు కూడా ఉండి ఉంటారు. ఆ రోజు ఏం చెప్పి సూది వేశారు, ఇంట్లో అమ్మకు ఎప్పుడు తెలిసింది, తర్వాత ఎవరైనా వచ్చి అడిగారా అని వాళ్లు తమ నోటితో చెప్పిన పుస్తకం ఒకటి రావాలి. వాళ్లను అడిగి, వాళ్లు ఒప్పుకున్నాకే రాయాలి. ఆ పని పైనుంచి వచ్చే పాత్రికేయులకు వదిలేయకుండా మనలో ఎవరైనా చేపట్టాలని ఈ సంకలనం చదివే ప్రతి ఒక్కరినీ కోరుతున్నాం.